కంచము దగ్గర పోరు



పెద్దాపురములోను, చుట్టుపట్ల పల్లెలలోను దీపములు పెట్టు వేళ ఏ వీధిని నడచినను ఒక మాట వినబడును: "ఇదే ఆఖరి ముద్ద, నాన్నా!" దాని వెనుక మరి నాలుగు ముద్దలున్నవని నోరు బిగించిన బిడ్డకు బాగుగా తెలియును. మొదట చందమామ, పిమ్మట బూచివాడు, ఇప్పుడు సెల్‌ఫోను. అదియు చాలనప్పుడు తండ్రి చేయి లేచును. మామ్మ మనుమని వెనకేసికొని, "నీకు పెట్టడం చేతకాదమ్మాయ్" అని కోడలిని అనును. కోడలు ఆ కోపమును మరుసటి ముద్దలో చూపును. ఇక అన్నము సంగతి ఎవరికి జ్ఞాపకము?

మన గోదావరి సీమలో పెట్టు చేతికి గౌరవమెక్కువ. లంకల గన్నవరములో ఆకలిగొన్నవారికి అన్నము పెట్టిన డొక్కా సీతమ్మ గారు 1909లో కన్నుమూసిరి. 2024లో బడిపిల్లల మధ్యాహ్న భోజన పథకమునకు ప్రభుత్వము ఆమె పేరు పెట్టెను. అందుచేతనే కాబోలు, బిడ్డ "వద్దు" అనగానే అది అన్నమును గాక మనలనే వద్దన్నట్లు తోచును. అయితే సీతమ్మ గారు పెట్టినది ఆకలిగొన్నవారికి గదా!

బిడ్డ మొదటి యేట పుట్టిననాటి బరువుకు సుమారు మూడింతలగును. పిమ్మట ఏడాదికి 2, 3 కిలోలే పెరుగును గనుక ఆకలి తగ్గుట సహజము. బరువు తగ్గినను, మ్రింగుట కష్టమైనను, జ్వరమున్నను డాక్టరుకు చూపవలెను, అది వేరు. అమెరికాలో 2006లో ప్రచురించిన ఒక పరిశోధనలో, సూపు త్రాగుమని ఒత్తిడి చేసినప్పుడు పిల్లలు తక్కువే త్రాగిరి.

పెద్దల అధికారము పోవునా? ఏమి వండవలెనో, ఎప్పుడు వడ్డించవలెనో వారే చెప్పుదురు. ఎంత తినవలెనో బిడ్డ కడుపునకు విడిచిపెట్టవలెనని మా తలంపు. బట్ట, బడి, నిద్ర, అన్నియు పెద్దల చేతిలోనివే. నోరొక్కటే వాని స్వాధీనము.

నాబోతు ద్రాక్షతోట దక్కలేదని అహాబు రాజు అలిగి తినలేదు. హన్నాయు తినలేదు, ఆమెది సవతి సూటిపోటి మాటలవలని దుఃఖము. రెండు కంచములును చూచుటకు ఒకలాగే ఉండును. బిడ్డను మొండివాడనుటకు ముందు, ఆ ఇంట వాడు వినుచున్న జగడమేదో విచారించవలదా?

లూకా 15వ అధ్యాయములో పెద్ద కుమారుడు విందుకు రానని బయటనే నిలిచెను. తండ్రి పనివారిచేత ఈడ్పించలేదు. తానే గుమ్మము దాటి వచ్చి బుజ్జగించెను. ఆ కుమారుడు లోనికి వచ్చి భోజనమునకు కూర్చుండెనో లేదో లూకా వ్రాయలేదు.