బండిని పట్టుకొనే అధికారము, దాని హద్దు

ప్రభుత్వము మన బండిని పట్టుకొనవచ్చునా? పట్టుకొనవచ్చును, సందేహము లేదు. అయితే ఏ కారణముచేత, ఎన్ని దినములు అన్నది మనలో ఆలోచించేవారు తక్కువ. బండి పోయిన దినమున మాత్రము అందరమూ వకీళ్ళమే!

మన సంఘములలో ఆటో మీద, ట్రాలీ మీద, మినీ లారీ మీద బ్రతికే కుటుంబములు చాలా ఉన్నవి. ఆటో స్టేషను ఆవరణలో పడితే ఆ సాయంత్రమే ఇంటిలో ఎసరు మాట ప్రశ్న అవుతుంది. ఫైనాన్సు వాయిదా మాత్రము ఆగదు. అప్పిచ్చినవాడు తిరగలి రాతిని తాకట్టుగా తీసికొనిపోరాదని మోషే ధర్మశాస్త్రములో ఒక నియమమున్నది. పిండి విసరుకొనే రాయి పోతే తిండీ పోతుంది, అప్పు తీర్చే దారీ పోతుంది. ఈనాటి తిరగలికి మూడు చక్రములున్నవి, అంతే తేడా.

జరిమానా తప్పు తేలిన తరువాత వచ్చేది. బండి స్వాధీనమో, తప్పు తేలకముందే జరిగేది. కోర్టు ఇంకా ఏమియు అనకుండానే మనిషి నష్టము అనుభవించుచున్నాడు. అందుచేతనే ఈ అధికారమునకు మిగతా అధికారములకంటె గట్టి కట్టు ఉండవలెనని మా అభిప్రాయము.

కట్టు లేకపోలేదు. చట్టము ఆధారము లేకుండా ఎవరి ఆస్తినీ తీసికొనరాదని రాజ్యాంగములోని 300-ఎ అధికరణము చెప్పుచున్నది. 1988 నాటి మోటారు వాహనముల చట్టములో 207వ సెక్షను బండిని ఆపి ఉంచుకొనే అధికారమిచ్చినది. లైసెన్సు లేకుండా గాని, తగిన వయస్సు లేకుండా గాని నడుపుట, రిజిస్ట్రేషను లేకపోవుట, పర్మిట్ లేకపోవుట లేక పర్మిట్ షరతులను మీరుట, ఇవే ఆ సెక్షను పేర్కొన్న కారణములు. హెల్మెట్ లేకపోవుట అందులో లేదు. లైసెన్సు, వయస్సు, పర్మిట్ లేమి విషయములలోనైతే బండికి బదులు ఆర్.సి. పుస్తకము తీసికొని, దానికి రసీదు ఇవ్వవచ్చునని కూడా అదే సెక్షనులో ఉన్నది. ఈ చివరి మాట ఎంతమందికి తెలియును?

మనబోటి వలస కుటుంబములకు దగ్గరగా తగిలిన సంగతి కర్ణాటకలో జరిగినది. బయటి రాష్ట్రపు నంబరు గల బండి 30 దినములకు మించి అక్కడ ఉంటే జీవితకాలపు పన్ను కట్టవలెనని 2014లో సవరణ తెచ్చిరి. బెంగుళూరులో ఆంధ్ర నంబరు బండ్లు ఎన్ని తిరుగునో చెప్పనక్కరలేదు. 2016లో అక్కడి హైకోర్టు ఆ సవరణను కొట్టివేసినది. కేంద్ర చట్టములోని 47వ సెక్షను ప్రకారము, బండి వేరొక రాష్ట్రములో 12 నెలలకు మించి ఉన్నప్పుడే క్రొత్త నంబరు తీసికొనవలెను. ఇక్కడ ఒక మాట మనవారికి కూడా చెప్పవలసియున్నది. ఆ 12 నెలలు దాటి ఎన్నో ఏండ్లయినా పాత నంబరుతోనే తిరుగుచున్నవారు మన మధ్య లేకపోలేదు. వారికి ఆ తీర్పు ఆసరా కాదు.

"కాగితములు సరిగా లేనివాడు ప్రశ్నించుటకు ముఖమేది? అధికారులకు లోబడియుండవలెను గదా" అని కొందరు పెద్దలు అందురు. లోబడవలెను. కాని లోబడవలసినది చట్టమునకు. రోడ్డు మీద చేయి ఎత్తి బండి ఆపిన అధికారి కూడా ఆ చట్టము క్రిందనే నిలిచియున్నాడు. "అయ్యా, ఏ సెక్షను క్రింద తీసికొనుచున్నారు? దయచేసి వ్రాసి ఇవ్వండి" అని అడుగుట తిరుగుబాటు కాదు. తప్పు చేసినవానికి ఆ తప్పుకు చట్టము విధించిన శిక్ష పడవలెను, అంతకు మించినది కాదు. లైసెన్సు మరచినవాని బండి ఆరు నెలలు ఎండకు ఎండి, టైర్లు చివికి, బ్యాటరీ మాయమైతే, ఆ శిక్షను ఏ న్యాయాధిపతి విధించినట్లు?

ఈ సంగతి సుప్రీంకోర్టు కూడా గ్రహించినది. సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లో ఇచ్చిన తీర్పులో, పట్టుకొన్న వస్తువులను ఎట్టి పరిస్థితిలోను 15 దినముల నుండి ఒక నెలకు మించి స్టేషనులో ఉంచరాదనిరి. ఫోటోలు తీసి, పంచనామా వ్రాసి, తగిన బాండు, పూచీ తీసికొని బండిని యజమానికి అప్పగించవచ్చును. అయినను ఏ స్టేషను ప్రక్కనైనా చూడండి, చక్రముల నడుమ గడ్డి మొలచిన బండ్లు కనబడును.

అన్నిటికంటె కష్టమైన ప్రశ్న, అరువిచ్చిన బండి సంగతి. ఒడిశా సరిహద్దున ఉన్న మనవారికి దీనిని వివరించనక్కరలేదు. బండిలో గంజాయి దొరికితే, అది తనకు తెలియకుండ జరిగినదనియు, తాను తగు జాగ్రత్తలన్నియు తీసికొన్నాననియు యజమానియే ఋజువు చేసికొనవలెనని మాదక ద్రవ్యముల చట్టములోని 60వ సెక్షను చెప్పుచున్నది. ఇది న్యాయమేనా? కొంతవరకు న్యాయమే అనుచున్నాము. తాళపుచెవి ఎవరి చేతిలో పెట్టుచున్నామో చూచుకొనుట యజమాని బాధ్యత. కాని ఋజువు చేసికొనే అవకాశము వచ్చువరకు బండి తుప్పు పట్టవలెననుట వేరు మాట. అస్సాములో ఒక లారీలో ప్రయాణికుని వద్ద హెరాయిన్ దొరికినది. యజమాని మీద గాని డ్రైవరు మీద గాని నేరారోపణ లేదు. లారీ వాయిదాల మీద కొన్నది, అదే అతని జీవనాధారము. అట్టి బండిని విచారణ ముగియకముందే విడుదల చేయుటకు ఆ చట్టములో ప్రత్యేకమైన అడ్డు ఏమియు లేదని 2025 జనవరిలో సుప్రీంకోర్టు తేల్చినది.

ఇక ఆచరణలో మనకున్న చిక్కు భాష. అధికారి ఇచ్చే కాగితము కన్నడములోనో, తమిళములోనో, మరాఠీలోనో ఉండును. మన పెద్దవారు చదువలేక, మడిచి జేబులో పెట్టుకొందురు. బండి ఏ సెక్షను క్రింద పోయినదో, దాని కొరకు ఎవరికి అర్జీ పెట్టవలెనో ఆ కాగితములోనే ఉండును. ఆ భాషలలోనే బడిలో చదువుకొన్న పిల్లలు ప్రతి సంఘములోను ఉన్నారు. ఆ సాయంత్రమే వారి చేత చదివించుకొనండి, ఒక జిరాక్సు తీసి ఇంటిలో ఉంచండి.