అమ్మలూ, ఆ సులువు వద్దు

అమ్మలూ,

నిన్న ఫోన్లో నువ్వన్న మాట రాత్రంతా మనసులో మెదులుతూనే ఉంది. నీ బోర్డులోని 16 ఎంబీ ఫ్లాష్‌లో రూట్ ఫైల్ సిస్టమ్‌ని రాసుకునేలా ఉంచుతానన్నావు. "రేపేదైనా ఫైలు మార్చాలంటే సులువు పెదనాన్నా" అన్నావు. ఆ సులువే ఒకప్పుడు నా కొంప ముంచింది తల్లీ.

ఉద్యోగంలో చేరిన కొత్తలో నీటి పంపుల దగ్గర పెట్టే చిన్న డబ్బా ఒకటి చేశాను. లోపల కార్డు, దాని మీద ఈఎక్స్‌టీ2. లాగ్ రాస్తుండగా కరెంటు పోయింది. మళ్లీ వచ్చాక డబ్బా లేవలేదు. వేపచెట్టు కింద ల్యాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుని సీరియల్ కేబుల్ తగిలిస్తే, రూట్ మౌంట్ కాలేదని తెర మీద ఒకటే గోల. తప్పు నాదే.

అందుకే రూట్‌కి స్క్వాష్‌ఎఫ్‌ఎస్ పెట్టు. చదవడమే తప్ప రాయడం దానికి రాదు, కరెంటు ఎప్పుడు పోయినా దానికేం కాదు. 2009లో, 2.6.29 కెర్నెల్‌తోనే లినక్స్‌లోకి వచ్చేసింది. అంతకుముందున్న క్రామ్‌ఎఫ్‌ఎస్‌లో ఒక్కో ఫైలు 16 ఎంబీ దాటకూడదు, కుదించేది కూడా 4 కేబీ ముక్కలుగానే. స్క్వాష్‌ఎఫ్‌ఎస్ బ్లాకు మామూలుగా 128 కేబీ. నాయనమ్మ ప్రయాణానికి పెట్టె సర్దేటప్పుడు చెంబులో కూడా పోపుగింజల పొట్లం కూరేది, గుర్తుందా? ఇదీ అంతే, చిన్న ఫైళ్లనీ, పెద్దవాటి చివర మిగిలిన తోకల్నీ ఒకే మూటలో కట్టేస్తుంది. ఐనోడ్లను కూడా కుదించకుండా వదలదు.

అలాగని దురాశకు పోకు. ఎక్స్‌జెడ్ కుదింపు పెట్టి, బ్లాకు 1 ఎంబీ చేస్తే ఇమేజ్ చిక్కిపోతుంది, నువ్వు మురిసిపోతావు. కానీ 4 కేబీ చదవాలన్నా ఆ బ్లాకంతా విప్పాల్సిందే, పాపం ఆ బక్క ప్రాసెసర్! ఎల్‌జెడ్4తో, జెడ్‌ఎస్‌టీడీతో కూడా ఇమేజ్‌లు కట్టి, ఒక్కోదానికీ బూట్ అయ్యే టైము కాగితం మీద రాసుకో.

సెట్టింగుల కోసం పైన జేఎఫ్‌ఎఫ్‌ఎస్2 పొర వేసి ఓవర్‌లేతో కలుపు, ఓపెన్‌డబ్ల్యూఆర్‌టీ వాళ్లలా. ఏదైనా చెడితే పై పొర తుడిచేస్తే చాలు. ఒక్క తిరకాసుంది: కింది ఫైలును చెరిపినా చోటు తిరిగి రాదు, మారిస్తే పైన ఇంకో కాపీ పడుతుంది. లాగ్‌లు మాత్రం ర్యామ్‌లోనే ఉంచు.

నీది నార్ ఫ్లాష్ కాబట్టి సరిపోయింది. నాండ్‌కి మారితే మాత్రం కింద యూబీఐ వెయ్యి, పాడైన బ్లాకుల సంగతి స్క్వాష్‌ఎఫ్‌ఎస్‌కి తెలీదు.

ఆదివారం భోజనానికి వస్తావుగా, ఆ బోర్డు కూడా పట్టుకురా. బూట్ అవుతుండగా ఓ ఇరవైసార్లు ప్లగ్గు పీకి చూద్దాం.

మీ పెదనాన్న