రక్తపు మరకల అంగీ

ధ్యాన భాగము: ఆదికాండము 44:18–34



ఒకడు తాను చేసిన తప్పును దేవుని యెదుట కన్నీటితో ఒప్పుకొని, ఆ నింద వేరొకని మీద నిలిచియుండగా చూచి ఊరకుండినయెడల, వాడు మారుమనస్సు పొందినవాడగునా? ఒక చలనచిత్ర కథ ఈ ప్రశ్నను మరల మా యెదుటికి తెచ్చినది.

ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ 1953లో తీసిన ఆ చిత్రము పేరు ‘ఐ కన్ఫెస్’. ‘నేను ఒప్పుకొనుచున్నాను’ అని దాని భావము. 1902 నాటి ఒక ఫ్రెంచి నాటకము దానికి ఆధారము. కథ జరిగినది కెనడా దేశములోని క్యుబెక్ పట్టణమందు. కతోలిక దేవాలయములో పనిచేయు ఆటో కెల్లర్ అనువాడు గురువుల నల్లని అంగీ తొడుగుకొని దొంగతనమునకు వెళ్లి, ఒక న్యాయవాదిని చంపెను. ఆ రాత్రియే మైకేల్ లోగన్ అను గురువునొద్ద నేరము ఒప్పుకొనెను. పాపసంకీర్తనములో విన్నదానిని ప్రాణము పోవునప్పుడైనను గురువు బయలుపరచకూడదని వారి సంఘ కట్టడ. గురువు వేషములోనున్న మనుష్యుని చూచిన సాక్షులుండుటచేత అనుమానము లోగన్ మీదనే పడెను. కెల్లర్ రక్తపు మరకల అంగీని లోగన్ పెట్టెలో దాచి, న్యాయస్థానములో అతనికి విరోధముగా అబద్ధసాక్ష్యము పలికెను. సాక్ష్యము చాలనందున జ్యూరీ లోగనును విడిచిపెట్టెను గాని, వెలుపలనున్న జనులు విడువక దూషించిరి. కెల్లర్ భార్య ఆల్మా సహింపలేక నిజము చెప్పబోగా, భర్తయే ఆమెను కాల్చి చంపెను. కడపట అతడును పోలీసుల గుండు తగిలి, క్షమాపణ వేడుచు లోగన్ చేతులలో మరణించెను.

కెల్లర్ ఒప్పుకొనలేదని చెప్పజాలము. మొదటి రాత్రియే ఒప్పుకొనెను. అయితే ఆ ఒప్పుకోలు వాని మనస్సాక్షికి మందాయెను, లోగన్ మెడకు ఉరియాయెను. గురువు నోటికి కట్టడ అడ్డము. కెల్లర్ నోటికి ఏమి అడ్డము? తన భయము తప్ప మరేదియు లేదు.

ఇతరుల తప్పులు వ్రాయుట సులభము. మా తప్పును వ్రాయవలసియున్నది. అనేక సంవత్సరముల క్రిందట మేము సేవచేసిన ఒక గ్రామములో కోతపండుగ కానుకల సొమ్ము కొంత పోయెను. గుడి గంట కొట్టు వృద్ధుని అందరును అనుమానించిరి. ఒక రాత్రి ఒక యువకుడు మా యింటికి వచ్చి, ఆ సొమ్ము తానే తీసితినని యేడ్చెను. వానితో మోకరించి ప్రార్థించి, సమాధానముతో పొమ్మంటిమి. వాడు ఆ సొమ్మును రహస్యముగా కానుకల పెట్టెలో వేసెను. లెక్క సరిపోయినదని మేమును తృప్తిపడితిమి. వృద్ధుని మాట మాకు తోచలేదు. గుడి తాళపుచెవి ఆయన చేతికి మరల రాలేదు. కొన్నాళ్లకు ఆయన కుమార్తె ఊరికి వెళ్లి, అక్కడనే ప్రభువునందు నిద్రించెను. ఆయన గుమ్మమునకు ఆ యువకుని మేము నడిపింపలేదు.

యోసేపు సహోదరులును ఒక అంగీని రక్తములో ముంచి తండ్రిని మోసగించిరి. సహోదరుని అమ్మివేయుదమని ఆలోచన చెప్పినవాడు యూదా. ఏండ్లు గడచిన పిమ్మట ఐగుప్తులో నిర్దోషియైన బెన్యామీను గోనెలో వెండి గిన్నె దొరికినప్పుడు, ఆ యూదాయే ముందుకు వచ్చి, చిన్నవానికి బదులుగా తాను దాసుడనై యుందునని వేడుకొనెను. ఆ మాట విని యోసేపు ఎలుగెత్తి యేడ్చి, తన్ను తాను తెలియజేసికొనెను. కెల్లర్ తన చోట నిర్దోషిని నిలిపెను. యూదా నిర్దోషి చోట తాను నిలిచెను. మారుమనస్సు ఇదియే.

నిర్దోషియైన ప్రభువు మన నిందను తనంతట తానే భరించెను, అది కృప. మన నిందను పొరుగువానిచేత మోయించుట అన్యాయము. ఆ అన్యాయమును కృప అను పేరుతో కప్పరాదు. బలిపీఠమునొద్ద అర్పణము విడిచి, మొదట సహోదరునితో సమాధానపడుమని ప్రభువు ఆజ్ఞాపించెను (మత్తయి 5:23–24). కాపరులమైన మనము విన్న రహస్యమును చాటనక్కరలేదు. అయితే ఒప్పుకొనినవానితో కూడ ఆ గుమ్మమువరకు నడువవలెను.

మనము మౌనముగా నుండుటచేత నేడు ఎవరైన తల వంచుకొని తిరుగుచున్నారా? వారు బ్రదికియుండగానే వెళ్లుదము. ప్రభువు మనకు ధైర్యము దయచేయును గాక. ఆమేన్.