అక్కని అడిగారా?

చిన్నమ్మ పోయాక తాండూరు ఇంట్లో బీరువా సర్దుతుంటే చీరల అడుగున ఒక వీహెచ్ఎస్ క్యాసెట్ దొరికింది. 1994లో జరిగిన అక్క పెళ్లిది. ఆ పెళ్లిలోంచి అక్క మూడేళ్లకే బయటికొచ్చేసింది. ఫోటోలన్నీ అప్పుడే చించేశారు. చిన్నమ్మ ఇదొక్కటి దాచుకున్నట్టుంది.

చివరిదాకా వీసీఆర్‌లు తయారుచేసిన జపాన్ కంపెనీ ఫునాయ్ కూడా 2016లో ఆపేసింది. టేపు మీది అయస్కాంత పూత ఏటికేడు పాడవుతుంది, తేమ తగిలితే బూజు పడుతుంది. ఇప్పుడు ఎక్కించకపోతే ఇక పోయినట్టేనన్నాడు తమ్ముడు. వాట్సాప్‌లో బంధువులందరికీ పంపాలని వాడి ఉత్సాహం. సరేనని వికారాబాద్‌లో ఒక స్టూడియోకి తీసుకెళ్లాను. పాత వీసీఆర్‌ని కంప్యూటర్‌కి కలిపి టేపు ఆడిస్తారు. ఇందులో తొందర కుదరదు. మూడు గంటల పెళ్లి ఎక్కాలంటే మూడు గంటలూ ఆడాల్సిందే.

కూర్చుని చూశాను. లైటు మొహాన పడుతుంటే అక్క తల దించుకుంటోంది. "తలెత్తమ్మా" అంటోంది ఒక మగగొంతు. పెళ్లికీ, వీడియోకీ ఆమెని ఎవరూ అడగలేదు. నేను మాత్రం అడిగానా?

స్త్రీల చరిత్ర మిగల్లేదని బాధపడే మనకి, దొరికిందల్లా దాచడం న్యాయంగానే తోస్తుంది. కానీ బీరువాలో ఉన్న క్యాసెట్‌కి తాళం ఉంటుంది. పదిమంది ఫోన్లలోకి వెళ్లిన ఫైలుకి ఉండదు. పోనీ అక్క ఉన్నచోటల్లా కత్తిరిద్దామా? అప్పుడు ఆ ఫోటోలు చించిన చేతులకీ నా చేతులకీ తేడా ఏముంది? పంచడం, పాడవనివ్వడం, కత్తిరించడం, ఏం చేసినా ఆమె బతుకు మీద మరొకరి నిర్ణయమే.

టేపు ఆపించి అక్కకి ఫోన్ చేశాను. చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "అమ్మ గొంతు ఉన్నదా అండ్ల?" అంది.

ఉంది. భర్త పోయిన మనిషని చిన్నమ్మని పీటల దగ్గరికి రానివ్వలేదు. కెమెరా ఒక్కసారీ ఆమె వైపు తిరగలేదు. కానీ వంటల దగ్గర నుంచి ఆమె కేకలు మాత్రం టేపులో పడుతూనే ఉన్నాయి.

"అట్లయితే మొత్తం ఎక్కించు. నాకొక్కదానికే ఇయ్యి" అంది.

స్టూడియో కంప్యూటర్లో కాపీ చెరిపించి, పెన్‌డ్రైవ్, క్యాసెట్ రెండూ తీసుకుని తాండూరు రైలెక్కాను. తమ్ముడు ఇంకా అలిగే ఉన్నాడు. వాడికి సమాధానం చెప్పగలను. ఆ టేపులో కూరగాయలు తరుగుతూ, కెమెరా చూసి కొంగు మొహానికి అడ్డం పెట్టుకున్న ఆడవాళ్లున్నారు. వాళ్లని ఎవరు అడగాలి? అదే ఇంకా తేల్చుకోలేకపోతున్నాను.