పాత్రత అడగని సాయం

సాత్త్విక దానం ఎలా ఉండాలో భగవద్గీత పదిహేడో అధ్యాయం చెబుతుంది. దేశం, కాలం, పాత్రత చూసి ఇవ్వాలి. తిరిగి ఉపకారం చేయలేనివాడికి ఇవ్వాలి. ఇవ్వడం ధర్మమనే ఇవ్వాలి. ఓబీఎస్ స్టూడియో వాడేవాళ్లు ఆన్‌లైన్‌లో ఒకరికొకరు చేసుకునే సాయానికి ఈ లక్షణాల్లో చివరి రెండూ చక్కగా సరిపోతాయి. పాత్రత దగ్గరే చిక్కు.

ఓబీఎస్ లైవ్ వీడియో ప్రసారాలకు వాడే ఉచిత సాఫ్ట్‌వేర్. హ్యూ బెయిలీ 2012లో దీన్ని విడుదల చేశాడు. లాక్‌డౌన్‌లో ప్రార్థనాలయాలు, బడులు మూతపడ్డప్పుడు, అంతకుముందు కెమెరా ముట్టనివాళ్లు కూడా ఎందరో దీన్ని నేర్చుకోవాల్సి వచ్చింది. నేర్పింది ఎక్కువగా ముఖం తెలియని తోటివాళ్లే.

ఫ్రేములు డ్రాప్ అవుతున్నాయంటే తప్పు చాలాసార్లు నెట్‌ది. బిట్‌రేట్ తగ్గించాలి, వైఫై మానేసి కేబుల్ పెట్టాలి. ఎన్‌కోడర్ ఓవర్‌లోడ్ అంటే ప్రాసెసర్ మీదో గ్రాఫిక్స్ కార్డు మీదో మోయలేని భారం పడిందన్నమాట. ఇవన్నీ తెలిసినవాడు ముందుగా అడిగేది లాగ్ ఫైల్, అంటే సాఫ్ట్‌వేర్ నడిచిన తీరు నమోదైన ఫైల్. ప్రసారమయ్యేది భజనా, వీడియో గేమా, ఎన్నికల ప్రసంగమా అన్నది అతనికి అక్కర్లేదు. సాఫ్ట్‌వేర్‌కున్న జీపీఎల్ లైసెన్సు తీరూ అదే: ఎవరైనా, ఏ పనికైనా నడుపుకోవచ్చు.

మరి ద్వేషం చిమ్మేవాడికీ ఇదే సాయం అందితే? ఇది కొట్టిపారేయదగ్గ అభ్యంతరం కాదు. కానీ దీనికి జవాబు మన సంప్రదాయంలోనే ఉంది. అన్నదానానికి ఆకలే పాత్రత అంటారు పెద్దలు. గోదావరి లంకల్లో డొక్కా సీతమ్మ (1841–1909) వేళకాని వేళ గడప తొక్కినవాళ్లకూ వండి వడ్డించింది. కులం, గోత్రం అడగలేదు. వచ్చినవాడి గుణదోషాలు తేల్చాకే పెడతానని ఉంటే ఆ విస్తళ్లలో సగం ఖాళీగా ఉండేవి. ద్వేష ప్రసంగాన్ని అడ్డుకోవాల్సిందే, అయితే ఆ పని చట్టానిది, ప్రసార వేదికది. ఆడియో సరిచేసేవాడు అడిగిన ప్రతివాడి మనసునూ తూచబోతే, నిజంగా అవసరమున్న కొత్తవాడే ముందు వెనక్కి తగ్గుతాడు.

ఇక్కడ ఇచ్చేదేమిటన్నది ఇంకా లోతైన ప్రశ్న. విద్య ఇచ్చినకొద్దీ పెరుగుతుందంటారు, కాబట్టి విద్య ఇచ్చినవాడికి నష్టమేమీ లేదు. తరిగేది కాలం. పగలంతా ఉద్యోగం చేసి, రాత్రి ఎవరిదో లాగ్ ఫైల్ వరుస వరుసా చదివేవాడు తనకు తిరిగిరాని గంటను ఇస్తున్నాడు. అసలు దానం అదే.

పుచ్చుకున్నవాడు ఆ గంటను ఇచ్చినవాడికి తిరిగి ఇవ్వలేడు. ఋషిఋణం సంగతీ ఇంతే. ఋషులకు నేరుగా తీర్చలేం. చదువుకుని, తర్వాతివాళ్లకు అందిస్తేనే అది తీరుతుంది. అందుకే ‘సరిపోయింది, థాంక్స్’ అని ఒక్క ముక్క రాసి వెళ్లిపోతే చాలదు. కీఫ్రేమ్ వ్యవధిని 2 సెకన్లకు మార్చాకే ప్రసారం నిలకడగా వచ్చిందని వివరంగా రాసిపెట్టాలి. అదే ఇబ్బందితో వెతుక్కుంటూ వచ్చే తర్వాతివాడు అడిగే పని లేకుండా చదువుకుంటాడు.