ఉప్పు మోసినవారు

సోదె చెప్పు ఎరుకల స్త్రీ వీథిలోనికి వచ్చినదనగానే మన యిండ్లలో రెండు పనులు ఒక్కసారిగా జరుగుట చిన్ననాటినుండి చూచుచున్నాను. ఇంటి పెద్దావిడ చేటతో బియ్యము తెచ్చి అరుగుమీద కూర్చుండి చేయి చాచును. ఆ క్షణముననే కోడలిని పిలిచి, పెరటి తలుపు గడియవేసి రమ్మని మెల్లగా చెప్పును. కొడుకు ఉద్యోగము, కూతురి పెండ్లి, రాబోవు కాలమంతయు ఆమె నోట వినుటకు నమ్మకము చాలును. పెరటిలోని రాగిచెంబు విషయమున మాత్రము చాలదు. ఇదేమని అడిగినచో, "వాళ్లకు ఇల్లా, వాకిలా? ఈ రోజిక్కడ, రేపెక్కడో" అని సమాధానము వచ్చును. స్థిరమైన యిల్లు లేకుండుటయే ఒకనిని నమ్మకుండుటకు చాలిన కారణమా? మంచి గృహస్థులందరును అవుననియే తలతురు. నేనును చాలకాల మట్లే తలచితిని.

దేశాంతరములకు సరకులు కొనిపోవు వర్తకుల గుంపును సంస్కృతమున సార్థమందురు. దాని నాయకుడు సార్థవాహుడు. తెలుగున మన మాట బిడారు. బిడారు బ్రతుకునకు లోకమున పేరుగన్నవారు ఆఫ్రికాలోని సహారా ఎడారియందలి టువారెగ్ జాతివారు. వారిలో ముఖమునకు ముసుగు వేసికొనువారు మగవారు, స్త్రీలు కారు. (ఘోషా కులస్త్రీధర్మమని వాదించిన మన పూర్వులలో నెవరైన ఆ దేశమునకు పోయియుండినచో ఎంత తికమకపడెడివారో!) ఆయిర్ కొండలలోని టువారెగ్‌లు ఒంటెలను తోలుకొని, చెట్టుచేమలు లేని యిసుకపర్రలను దాటి బిల్మా అను ఒయాసిస్సు చేరి, అచ్చట ఉప్పును ఖర్జూరములను కొని, వెనుకకు వచ్చి దక్షిణమున హౌసా దేశపు అంగళ్లలో అమ్మి సజ్జలు తెచ్చుకొనుట తరతరాల వృత్తి. ఉప్పు పండుచోట తిండి పండదు. తిండి పండుచోట ఉప్పు దొరకదు. ఈ రెంటికిని నడుమ నడచువాడే బిడారువాడు.

1352లో ఆ యెడారిని దాటిన ఇబ్న్ బతూతా అను యాత్రికుడు వ్రాసిన సంగతి యొకటి నా మనస్సున నాటుకొన్నది. వర్తకులు ఎడారి నడుమనుండి ఒక మనుష్యుని ఒంటరిగా ముందు పంపెడివారట. టువారెగ్‌లవలెనే ముసుగు ధరించు మస్సూఫా జాతివాడతడు. వలాటా పట్టణమునకు పోయి, అచ్చటివారు నీళ్లు తీసికొని నాలుగు దినముల దూరము ఎదురు వచ్చునట్లు చేయుట వాని పని. వాడు దారి తప్పినను, చచ్చినను, బిడారు వచ్చుచున్నదని ఊరివారికి తెలియదు; దప్పికతో అందరును నశింతురు. ఇబ్న్ బతూతా పోయిన బిడారు అట్టివానికి 100 మిస్కాలుల బంగారమిచ్చినది. సొమ్ము పుచ్చుకొన్నవాడు మరియొక త్రోవ పట్టినచో అడుగువాడెవడు? ఏ కచేరీలో దావా వేయవలెను? అయినను నమ్మిరి, బ్రతికిరి.

నమ్మి బ్రతికినవారిని చూచుటకు సహారాకే పోనక్కరలేదు. మన బెజవాడ రేవునే కృష్ణ దాటి, కొండపల్లి పక్కగా, నందిగామ మీదుగా హైదరాబాదువైపు పోవు త్రోవలో కొన్ని శతాబ్దములపాటు ఇట్టివారే నడచిరి. బందరు తీరమునుండి, చినగంజాం పర్రలనుండి ఉప్పు పైదేశమునకెక్కెను. ధాన్యము, ప్రత్తి, చింతపండు క్రిందికి దిగెను. పెద్ద పెరికెలతో వందలకొలది ఎద్దులను తోలినవారు లంబాడీలు. గాడిదలమీదను, కొలది ఎద్దులమీదను ఊరూర తిరిగి ఉప్పును ధాన్యమునకు మారకము వేసినవారు ఎరుకలవారు. ఉప్పు ఎరుకలయని వారిలో నొక తెగ పేరే కలదు. 17వ శతాబ్దమున గోలకొండ రాజ్యమునందు తిరిగిన టావెర్నియే అను ఫ్రెంచి వర్తకుడు పది పండ్రెండువేల ఎద్దుల బిడారులను వర్ణించినాడు. ఇరుకు త్రోవలో అట్టి బిడారు ఎదురైనచో, అది సాగిపోవువరకు బండ్లవారు రెండు మూడు దినములు ఆగవలసి వచ్చెడిదట! అందొక తెగవారు ధాన్యమే మోయుదురు, ఒక తెగవారు బియ్యమే, ఒక తెగవారు పప్పులే, ఒక తెగవారు ఉప్పే. ఊరు లేదు, ఇల్లు లేదు, గుడారములే కాపురము. లోతట్టు గ్రామములలో చారులో పడిన ఉప్పంతయు వీరి వీపులమీదనే వచ్చినది.

గృహస్థుని నమ్మకమునకు అతని యిల్లు జామీను. అప్పు తీర్పనిచో ఇల్లు జప్తు చేయవచ్చును. అబద్ధమాడినచో ఇరుగుపొరుగు వెలివేయవచ్చును. బిడారువానికి అట్టి జామీను లేదు. వాని జామీను వాని మరుసటి రాక. ఈ యేడు కొలతలో మోసము చేసినవాడు వచ్చు ఏడు ఆ యూరి చెరువులో ఎద్దులకు నీళ్లు త్రాగింపలేడు, ఆ యూరి బీటిలో మేపలేడు. ఒక్కడు చేసిన తప్పు తండా యంతటికిని త్రోవ మూయును. కావున ప్రతివానిపై తక్కినవారందరును కాపలా. పోలీసువాడు చూడని వందమైళ్ల త్రోవలో వారిని కట్టివేసిన త్రాడు ఇదియే.

"ఇది లాభము చూచుకొనుటయే గాని ధర్మమెట్లగును?" అని తార్కికుడు అడుగవచ్చును. జర్మను తత్త్వవేత్త కాంటు 1785నాటి గ్రంథములో ఇట్టి దుకాణదారునినే ఉదాహరించి, బేరము చెడునను భయముతో న్యాయముగా అమ్మువానిది నీతి కాదనెను. గొప్ప మాట. కాని ఆ త్రాసులో మొట్టమొదట తూగవలసినది గృహస్థుల నీతి. కచేరీ, పరువు, పిల్లల సంబంధములు అను మూడు భయములను తీసివేసినపిమ్మట మనలో నెంత మిగులునో చూచుకొని, అటుపిమ్మట సంచారుల మాట ఎత్తవచ్చును.

బిడారులవారు పుణ్యపురుషులని నేననను. టువారెగ్‌లు దారి సుంకములు గుంజిరి, కొల్లలు కొట్టిరి, బానిసలను ఉంచుకొనిరి. లంబాడీలలో నొక ఐతిహ్యము కలదు: షాజహాను కాలమున దక్కనుపై దండెత్తిన మొగలు సేనకు ధాన్యము మోసినందులకు వారి నాయకులకు దొరికిన రాగిశాసనములో, కుండలలోని నీరును ఇంటికప్పులలోని గడ్డియు తీసికొనవచ్చునని, దినమునకు మూడు హత్యలవరకు క్షమింపబడునని వ్రాయబడినదట. నిజమైనను కాకున్నను, ఇందు తెలిసికొనవలసిన దొకటి కలదు. దొరలకు సేనలను పోషించుకొను అక్కర కలిగినప్పుడు ఈ సంచారులు దొంగలుగా కనబడలేదు. 1791లో కారన్‌వాలిసు మైసూరుపై పోయి ఆకలిచే వెనుదిరిగినప్పుడు ధాన్యము తెచ్చి యిచ్చినవారు ఈ లంబాడీలే. అప్పుడు వారి యిల్లెక్కడయని ఎవ్వడును అడుగలేదు.

అక్కర తీరినది. మద్రాసు రాజధానిలో 1805లో ఉప్పు సర్కారువారి గుత్త యయ్యెను. 1852 మొదలు 1855 వరకు బెజవాడవద్ద ఆనకట్ట లేచెను; కాలువలలో పడవలు నడచెను. 1876–78 ధాతుకరవులో పశువులు కుప్పలుగా చచ్చెను. 1882 అడవి చట్టముతో మేపుబీళ్లు మూతపడెను. 1889లో హైదరాబాదునుండి రైలు బెజవాడ చేరెను. 1893లో కృష్ణమీద రైలువంతెన తెరువబడెను. ఒక గూడ్సుబండి పట్టినంత ఉప్పు ఎన్నివందల ఎద్దులు మోయవలెనో లెక్క వేయవచ్చును. మేతకు ఆగని, ఎండకు చావని ఆ యినుప ఎద్దుతో తండాలు పోటీ పడలేకపోయెను.

ఈ చోట నేను కొంచెము ఆగవలసియున్నది. ఏలనన ఇది మన డెల్టావారి సొంత సంగతి. ఆనకట్ట మాకు అన్నము పెట్టినది. మా తాతల మాగాణి, దానిపై పండిన వడ్లు, ఆ వడ్లతో వచ్చిన బడి, ఆ బడిలో నేర్చిన సంస్కృతాంగ్లములు, ఈ వ్యాసము వ్రాయుచున్న చేయి, అన్నియు ఆ నీటివే. ఆ కాలువలే, ఆ వంతెనయే మరియొకరి త్రోవను మ్రింగినవి. కాటన్ దొరకు ఊరూర విగ్రహములెత్తితిమి, ఎత్తవలసినదే. అయితే లాభపడినవాడు నష్టపడినవానికి ఏమైన ఋణపడునా? నష్టము కోరి చేయలేదు గనుక ఋణము లేదని కొందరందురు. పొరుగువాని గోడను తెలియక కూల్చినవాడు తెలియదుగదా యని ఇంటికి పోవునా? మరి మన పెద్దలు ఏమి చేసిరి? గోడ కూలినవానిని దొంగ యనిరి.

ఇది అతిశయోక్తి కాదు, చట్టము. 1871లో ఉత్తరదేశమున పుట్టిన క్రిమినల్ తెగల చట్టము 1911లో మద్రాసు రాజధానికి వచ్చెను. మనుష్యుడు నేరము చేసినందులకు కాదు, ఒక తెగలో పుట్టినందులకే పోలీసు పట్టీలోనికి ఎక్కును. పోలీసులకు హాజరు చెప్పవలెను. చీటి లేనిదే ఊరు దాటరాదు. ఆ తరువాత కొలది సంవత్సరములలోనే బాపట్ల సమీపమున ఎరుకలవారికై సాల్వేషన్ ఆర్మీవారి ఆధ్వర్యమున ఒక సెటిల్‌మెంటు వెలసెను. మద్రాసు ప్రభుత్వ కార్యనిర్వాహకసభలో సభ్యుడైన హెరాల్డు స్టూవర్టు పేర దానిని స్టూవర్టుపురమనిరి. కృష్ణకు ఆవలియొడ్డున, విజయవాడ ఎదుటనే, సీతానగరములో మరియొకటి. భూములిచ్చిరి, బడి పెట్టిరి. చీరాల పొగాకు కర్మాగారమునకు కూలికి పంపిరి. వారి దయ నిజమే కావచ్చును. కాని వారి తర్కమును చూడుడు: తిరుగువాడు గనుక దొంగ, తిరుగకుండ కట్టివేసినచో మంచివాడగును. ఏ రాకపోకలు వాని నిజాయతీకి జామీనుగా నుండెనో, వానినే నేరమని నిషేధించిరి. జామీను చించివేసి, పిమ్మట నమ్మదగనివాడనిరి.

అదే తీరమున కొలది మైళ్ల దూరముననే మోటుపల్లి కలదు. అచ్చట 1244 ప్రాంతమున కాకతీయ గణపతిదేవుడు సముద్రవర్తకులకు అభయశాసనము వేయించెను. ఓడ పగిలి తీరమునకు కొట్టుకొని వచ్చిన సరకును పూర్వపు రాజులు దోచుకొనెడివారు. తాను సుంకము తప్ప ఏమియు ముట్టనని అతడు రాతిమీద చెక్కించెను. ఊరు తెలియనివాడు, భాష తెలియనివాడు, తిరిగి వచ్చునో రాడో తెలియనివాడు, అట్టివానికి ముందుగా నమ్మకమిచ్చినవాడు రాజు. బాపట్లనుండి చీరాలమీదుగా చినగంజాం పోవు రైలుబండిలో కూర్చున్నవానికి ఈ రెండు యుగములును ఒకే కిటికీలోనుండి కనబడును.

సంచారులుమాత్రము సంచారులను నమ్మిరా? భారతములో నలునిచే విడువబడిన దమయంతి అడవిలో నొక సార్థమును కలిసికొని, వారి వెంట చేదిదేశమునకు పోవును. రాత్రి ఏనుగుల గుంపు పడి సార్థమును త్రొక్కివేయును. మిగిలినవారు చేసిన మొదటి ఆలోచన ఏమి? ఈ దిక్కులేని పిచ్చిదానివలననే ఈ కీడు మూడినది, ఇది రాక్షసియో యక్షిణియో, రాళ్లతో కొట్టవలెనని. ఆమె విదర్భ రాకుమారి యని వారికి తెలియదు. ఇల్లు కనబడలేదు, అంతే. ఆపద వచ్చినప్పుడు అందరిలో ఇల్లు లేనిదానిమీదికే చూపు పోవుట క్రొత్త పాపము కాదు.

మద్రాసు రాజధానిలో ఆ చట్టము 1947లోను, దేశమంతట 1952 ఆగస్టు 31వ తేదీనాడును పోయినది. అయినను 1948లోనే అలవాటు నేరస్థుల చట్టము మరియొక తలుపునుండి లోనికి వచ్చెను. నెల్లూరి వెన్నెలకంటి రాఘవయ్యగారివంటివారు ఈ జాతులకై జీవితము ధారపోసిరి. 1970 దశకములో జాషువ కవిగారి కుమార్తె హేమలతా లవణంగారు విజయవాడ నాస్తిక కేంద్రమునుండి స్టూవర్టుపురము పోయి, ఇంటింట కూర్చుండి మాటలాడిరి. అచ్చట నిజముగనే దొంగలుండిరి, ఆమె లేరనలేదు. మూడు తరములపాటు దొంగవని హాజరు పిలిచినచోట దొంగలుండుట వింతయా? 1991లో ఆ యూరి పోలీసు స్టేషను పేరే ఒక సినిమాకు పేరైనది. సినిమా చూచి వచ్చిన మనము వారిని గూర్చి అంతయు తెలిసినదనుకొంటిమి.

ఇక నా సంగతి. కొలది యేండ్ల క్రిందట, విహారయాత్రకై పిల్లలు తెచ్చిన సొమ్ములో 500 రూపాయల నోటు ఒకటి తక్కువయ్యెను. నేనెవ్వరిని గాని ఏమియు అనలేదు. తరగతివైపు చూచితిని. నా చూపు ఎరుకల కుటుంబపు బాలునిపై నిలిచెను. నేను కోరి నిలుపలేదని ప్రమాణము చేయగలను, అయినను నిలిచెను. వాడు నేనడుగకయే లేచి, తన సంచి తెచ్చి నా బల్లమీద బోర్లించి, జేబులు బయటికి లాగి చూపెను. పుస్తకములు, ఒక అన్నపుడబ్బా, విరిగిన స్కేలు. ఆ పని వాడు తడబాటు లేకుండ చేసెను. పండ్రెండేండ్ల వానికి అది ఎవరు నేర్పిరి? పిల్లలెవ్వరును నవ్వలేదు, ఆశ్చర్యపడనులేదు. అదియే నన్ను ఎక్కువ బాధించినది.

నోటు మధ్యాహ్నము హాజరుపట్టీ పుటల నడుమ దొరకినది. నేనే అందు పెట్టి మరచితిని. దొరకినదని తరగతికి చెప్పితిని. వానితో వేరుగా ఏమి చెప్పవలెనో తోచలేదు. మరునాడు ఆ పట్టీయే తెరచి పేర్లు పిలిచితిని. వాని పేరు వచ్చినప్పుడు నా గొంతు తగ్గినది. వాడు లేచి నిలిచి, అందరికన్న గట్టిగా పలికెను.