సాగనంపడం, నిలుపుకోవడం: హోసూరు–కృష్ణగిరి సీమలో మరణ సంస్కారాలు

మరణానంతరం మనిషి ఏమవుతాడన్న ప్రశ్నకు మతాలు చెప్పిన సమాధానాలు ఒకదానితో ఒకటి పొసగవు. ఆత్మ మరో దేహాన్ని ధరిస్తుందని ఒక మతం, తీర్పు దినం వరకు వేచి ఉంటుందని మరొక మతం, పరమాత్మలో ఐక్యమైపోతుందని ఇంకొక మతం చెప్పగా, దేహంతోనే సమస్తమూ ముగుస్తుందని చార్వాకులు వాదించారు. అయితే ఈ సిద్ధాంతాలను కాసేపు పక్కనబెట్టి, చావు జరిగిన ఇంట బతికివున్నవారు చేసే పనులను వరుసగా పరిశీలిస్తే, అన్ని సంప్రదాయాల్లోనూ రెండు సంకల్పాలు ఒకదానితో ఒకటి పెనుగులాడుతూ కనిపిస్తాయి. పోయినవారిని తిరిగిరాని చోటికి సాగనంపాలన్నది మొదటిది. ఏదో ఒక రూపంలో తమ మధ్యనే నిలుపుకోవాలన్నది రెండవది. ఈ రెండింటినీ ఏ పాళ్లలో కలపాలన్న విషయంలోనే సంస్కారాలు ప్రధానంగా వేరుపడతాయి.

ఈ పరిశీలనకు హోసూరు–కృష్ణగిరి సీమ అనువైన క్షేత్రం. 2004లో ధర్మపురి నుంచి విడివడి ఏర్పడిన కృష్ణగిరి జిల్లా కర్ణాటక, ఆంధ్రప్రదేశ్ సరిహద్దులను ఆనుకొని ఉన్నందున, ఇక్కడ తెలుగు, కన్నడ, తమిళ, ఉర్దూ భాషలవారు తరతరాలుగా పక్కపక్కనే బతుకుతున్నారు. నంది కొండల్లో పుట్టి ఈ జిల్లా గుండా పారే దక్షిణ పినాకిని పరిసరాల్లో కాల్చేవారూ, పూడ్చేవారూ, కూర్చుండబెట్టి సమాధి చేసేవారూ ఉన్నారు.

వీరందరికన్నా ముందటివారి ఆనవాళ్లు కొండల మీద ఉన్నాయి. జిల్లాలోని మల్లచంద్రం వద్ద గుట్ట మీద బృహత్‌శిలా సమాధులు, అంటే పెద్ద పెద్ద బండపలకలను నిలబెట్టి పైన మరో పలకను కప్పుగా వేసిన రాతి గదులు, గుంపుగా నిలిచి ఉన్నాయి. ఇలాంటి గదుల్లో కొన్నిటికి ఒక పలకలో గుండ్రని రంధ్రం తొలిచి ఉంటుంది. అది ఎముకలనో నైవేద్యాలనో లోపల ఉంచడానికి దారి అని కొందరు, ఆత్మ రాకపోకలకు ద్వారమని మరికొందరు పండితులు ఊహించారు. ఇదే జిల్లాలోని మయిలాడుంపారైలో నివాస స్థలమూ సమాధులూ రెండూ బయటపడ్డాయి. అక్కడి ఇనుము క్రీ.పూ. 2172 నాటిదని తమిళనాడు ప్రభుత్వం 2022లో ప్రకటించింది. బృహత్‌శిలా సమాధులు అనేకచోట్ల పూర్తి దేహాన్ని కాక, మాంసం శిథిలమైన తరువాత ఏరిన ఎముకలను మాత్రమే దాచినవి. ఇటువంటి రెండవ ఖననం గురించి ఫ్రెంచి సామాజిక శాస్త్రవేత్త రాబర్ట్ హెర్ట్జ్ 1907లో బోర్నియో దీవిలోని డయాక్ ప్రజల ఆచారాలను ఆధారం చేసుకుని రాస్తూ, దేహం క్రమంగా ఎముకగా మారేంత కాలమూ ఆత్మ దారిలోనే ఉంటుందని, బంధువుల దుఃఖం కూడా అదే క్రమంలో చల్లారుతుందని ఆ సమాజాలు భావిస్తాయని వివరించాడు. మరణం ఒక్క క్షణంలో జరిగేది కాదనీ, సమాజం దాన్ని కొంత కాలం పాటు నెరవేర్చవలసి ఉంటుందనీ ఈ వివరణ సారాంశం.

నిలుపుకోవడమే ప్రధానమైన సంప్రదాయం వీరగల్లుల్లో కనిపిస్తుంది. పశువుల మందలను తోలుకుపోయే దాడులను ఎదిరించి, లేదా ఊరిని కాపాడుతూ ప్రాణం విడిచిన వీరునికి నిలిపిన స్మారక శిల వీరగల్లు, తమిళంలో నడుకల్. ధర్మపురి, కృష్ణగిరి, చెంగం ప్రాంతాలు వీటికి ప్రసిద్ధి. రాయిని వెదికి ఎంచుకోవడం, కార్యాన్ని ఆరంభించడం, నీట శుద్ధి చేయడం, నాటడం, నైవేద్యం పెట్టడం, స్తుతించడం అనే ఆరు దశలను ప్రాచీన తమిళ లక్షణ గ్రంథం తొల్కాప్పియం పేర్కొంది. వీరగల్లుల మీద అప్సరసలు వీరుణ్ణి స్వర్గానికి తీసుకువెళ్తున్న దృశ్యాన్ని చెక్కడం పరిపాటి. అయినా ఊరివారు నైవేద్యం తెచ్చేది ఆ రాతి దగ్గరికే. వీరుడు స్వర్గానికీ వెళ్లాడు, ఊరి పొలిమేరలోనూ ఉన్నాడు. ఈ రెండింటిలో వైరుధ్యం ఉందని భక్తునికి తోచదు. ఈ ప్రాంతంలో అనేక వీరగల్లులు నేటికీ వేడియప్పన్ అనే దేవునిగా పూజలందుకుంటున్నాయి. వీరుని సొంత పేరు మరుగున పడినా ఆరాధన మిగిలింది. పల్నాటి కారెంపూడిలో వీరుల ఆయుధాలనే వీరులుగా భావించి ఏటా కార్తీకంలో జరిపే ఉత్సవం కూడా ఈ కోవలోనిదే.

దహన సంస్కారంలో మొగ్గు ఎదుటి వైపుకు మారుతుంది. తెలుగువారి శవయాత్రలో శ్మశానానికి చేరకముందు పాడెను ఒకచోట దించి, వరసపెట్టి చెవిలో మూడుసార్లు పిలిచే దింపుడు కల్లం, నిలుపుకోవాలన్న కోరికకు ఇచ్చిన చివరి అవకాశం. పిలుపుకు బదులు రాకపోయిన తరువాత కర్త నీటికుండను భుజాన పెట్టుకుని చితి చుట్టూ తిరిగి, దాన్ని వెనుకకు విడిచి, తిరిగి చూడకుండా నడుస్తాడు. ఆ తరువాతి పది రోజుల్లో పెట్టే పిండాలు, ప్రేతానికి, అనగా దేహం పోయి ఇంకా పితృలోకం చేరని జీవికి, ఒక్కొక్క అవయవాన్ని సమకూర్చి ప్రయాణానికి తగిన శరీరాన్ని ఏర్పరుస్తాయని గరుడ పురాణం చెబుతుంది. పన్నెండవ రోజున జరిగే సపిండీకరణంలో ప్రేతపిండాన్ని మూడు భాగాలు చేసి తండ్రి, తాత, ముత్తాతల పిండాలలో కలుపుతారు. దానితో ప్రేతం పితృదేవత అవుతుంది, అంతకుముందు మూడవ స్థానంలో ఉన్న పూర్వీకుడు పేరు పెట్టి పిండం అందుకునే వరుస నుంచి తప్పుకుంటాడు. జ్ఞాపకానికి మూడు తరాల హద్దు గీసి, ఆపై విస్మృతిని కూడా ధర్మసమ్మతం చేసిన ఏర్పాటు ఇది. సాగనంపినవారిని తిరిగి ఇంటికి ఆహ్వానించడానికి తద్దినమూ, భాద్రపద బహుళంలోని మహాలయ పక్షమూ ఉన్నాయి. జపాన్‌లోని ఒబోన్, మెక్సికోలో నవంబరు మొదటి రెండు రోజుల్లో జరిపే పితరుల పండుగ కూడా రాకకూ పోకకూ ముందే తిథి నిర్ణయించినవే.

వీరశైవం ఈ ప్రయాణాన్నే నిరాకరించింది. ఇష్టలింగం ధరించిన భక్తుడు మరణంతో లింగైక్యమవుతాడు కనుక ప్రేతదశ లేదు, సూతకం లేదు, దారి బత్తెంగా పిండాలు అవసరం లేదు అన్నది పన్నెండవ శతాబ్దపు బసవేశ్వరుని మార్గంలోని సిద్ధాంతం. అందుకే దేహాన్ని కాల్చకుండా, ధ్యానముద్రలో కూర్చుండబెట్టి, చేతిలో లింగం ఉంచి, విభూతితో సమాధి చేస్తారు. ఇక్కడ సాగనంపడమూ నిలుపుకోవడమూ రెండూ ఐక్యమన్న భావనలో లీనమవుతాయి.

ఇస్లాంలో దేహానికి చేసే మర్యాద నిరాడంబరంగా, త్వరగా ముగుస్తుంది. స్నానం చేయించి, కుట్టని తెల్లని వస్త్రాలు చుట్టి, వంగడం, సాష్టాంగపడడం లేకుండా నిలబడే చేసే జనాజా నమాజు తరువాత, ముఖం మక్కా దిశకు ఉండేలా కుడిపక్కకు వాల్చి ఖననం చేస్తారు. ప్రళయదినం వరకు ఉండే నడిమి స్థితిని బర్జఖ్ అంటారు. సంతాపానికి సాధారణంగా మూడు రోజులు, భర్త పోయిన స్త్రీకి నాలుగు నెలల పది రోజులు గడువు. క్రైస్తవులకు సమాధి పునరుత్థానం కోసం ఎదురుచూసే చోటు. కతోలికులు నవంబరు 2న మృతులందరి కోసం ప్రార్థిస్తారు. కతోలిక సంఘం 1963లో దహనాన్ని అనుమతించినా, 2016లో చితాభస్మాన్ని వెదజల్లరాదని, పవిత్రస్థలంలో భద్రపరచాలని నిర్దేశించింది. దేహం రూపు మారినా మృతునికి ఒక చోటు ఉండాలన్నది ఆ నిర్దేశంలోని ఆంతర్యం.

ఈ కర్మలన్నీ వ్యర్థమన్న విమర్శ కూడా అంతే పాతది. ఇక్కడ పెట్టిన అన్నం పరలోకంలోని వానికి చేరగలిగితే, ఊరు దాటిన బాటసారికి ఇంట్లో వడ్డిస్తే చాలదా అని చార్వాకులు అడిగినట్టు పద్నాలుగవ శతాబ్దపు సర్వదర్శన సంగ్రహం నమోదు చేసింది. కాకులకు పిండాలు పెట్టడాన్ని వేమన ఎద్దేవా చేశాడు. పిండం ఆహారంగా చేరుతుందన్న వాదానికి ఈ విమర్శ తిరుగులేని దెబ్బ. అయితే కర్మకు అదొక్కటే ఆధారం కాదు. పోయినవారి నుంచి ప్రతిఫలం గానీ, కృతజ్ఞత గానీ, మందలింపు గానీ రాదని తెలిసి కూడా నెరవేర్చే బాధ్యత అది. ఆత్మ ఉనికిని నమ్మనివాడు సైతం తండ్రి శవాన్ని వీధిలో వదిలేయడానికి ఒప్పుకోడు. ఆత్మ లేదని రుజువైనంత మాత్రాన ఆ బాధ్యత రద్దు కాదు.

సంస్కారాల మీద నిలిచే అసలైన అభియోగం మరొకటి. డప్పు కొట్టడం, గుంత తవ్వడం, చితి కాలేదాకా కాపలా కాయడం వంటి పనులను దక్షిణ భారతమంతటా కొన్ని కులాలకే అంటగట్టి, ఆ పని చేసినందుకే వారిని అంటరానివారిగా చూశారు. శ్మశానాలు సైతం కులాలవారీగా చీలిపోయాయి. మరణం అందరినీ సమానం చేస్తుందని చెప్పే వేదాంతం కాటిదారి దగ్గరే ఆగిపోయింది. హరిశ్చంద్ర నాటకంలో కాటికాపరి పాత్రధారి నోట గుర్రం జాషువా శ్మశాన పద్యాలు తెలుగు ప్రేక్షకులను అంతగా కదిలించడానికి, చావులోని సమానత్వాన్ని చెప్పిన కవి బతుకులోని అసమానతను అనుభవించినవాడు కావడం కూడా ఒక కారణం.

హోసూరు పారిశ్రామిక పట్టణమై, దూర ప్రాంతాలవారు వచ్చి స్థిరపడుతున్న ఈ కాలంలో, సెలవు దొరికే రోజులను బట్టి కర్మలు కుదించుకుపోవడం సహజం. పది రోజులు మూడైనా, చితి విద్యుత్ దహనవాటికగా మారినా, సాగనంపడానికీ నిలుపుకోవడానికీ తగిన వ్యవధి మిగిలినంతవరకు సంస్కారం చెడిపోయినట్టు కాదు. దుఃఖానికి గడువు, జ్ఞాపకానికి తిథి, దేహానికి మర్యాద అనే మూడూ సమకూర్చగలిగితే ఏ పద్ధతి అయినా తన పని తాను చేసినట్టే. మృతునికి ఆ మర్యాద చేయడం కోసం బతికివున్న మరొకరి మర్యాదను తీసివేసే పద్ధతి మాత్రం, ఎంత శాస్త్రోక్తమైనదైనా, సంస్కారమన్న పేరుకు తగదు.